బంతి కదిలింది

నాలుగు దాటి పది నిమిషాలైంది. ఇంకో యాభై నిమిషాలు ఇలా బోర్లా పడి ఉంటే అయిదింటికి నాకు విడుదల, ఏడు రోజుల శిక్షలో చివరి గంట ఇది. శిక్ష అనకూడదు, డాక్టరమ్మ వింటే ఊరుకోదు, "శిక్ష కాదండీ, మీకు ఇదే మందు" అని మొదటి రోజే గట్టిగా చెప్పింది. కుడికంటి వెనక పొర ఊడిపోయింది, దాన్ని అతికించి లోపల ఒక బుడగ పెట్టారు, ఆ బుడగ పైకి తేలి పొరని అదిమి పట్టుకోవాలంటే నేను నేలకేసి చూస్తూ ఉండాలి, గంటలో యాభై నిమిషాలు ఇలా, పది నిమిషాలు లేచి మనిషిలా తిరగడం, మళ్లీ యాభై. బావమరిది వడ్రంగి కాబట్టి బతికిపోయాను, ఒక ఎత్తు బల్లకి గుండ్రంగా బెజ్జం కోసి ముఖం పట్టేలా చేసి తెచ్చాడు, "బావా, నీ మొహం కొలతకి సరిపోయే చెక్క దొరకడానికే రెండు రోజులు పట్టింది" అని నవ్వాడు, దాని అంచు చుట్టూ దూది పెట్టి మెత్తటి గుడ్డ కుట్టింది నా భార్య, ఈ వీధిలో సగం మంది ఒంటి మీద గుడ్డలు తన చేతి కుట్టే కదా. ఆ బెజ్జంలోంచి నాకు కనబడే ప్రపంచం ఇదీ: రెండు గచ్చు పలకలు, వాటి మధ్య వెంట్రుకంత బీట, ఒక గుండుసూది, నీలం దారం ముక్క, నేల మీద పెట్టుకున్న అలారం గడియారం, ఆ పక్కన కుట్టుమిషను తొక్కుతున్న తన పాదాలు. ఇదంతా ఎడమకన్ను చూసి చెప్పేది. కుడికంటికి మాత్రం ఒక పెద్ద గుండ్రటి బుడగ, నేను ఊపిరి పీల్చినప్పుడల్లా దాని అంచు సన్నగా వణుకుతుంది. మిషను టకటకలాడుతోంది. అవతల గోడకి టీవీ ఉంది, నోరు నొక్కేసిన టీవీ. అందులో గోల్ఫ్, ఆ గోల్ఫ్‌లో మా టోపీ.

టోపీ అసలు పేరు పలకాలంటే మా ఇద్దరికీ నోరు తిరగదు. పన్నెండేళ్లుగా అదే వెలిసిపోయిన టోపీతో ఆడుతున్నాడు గనక నా భార్య పెట్టిన పేరు అది. ఎవరికీ ఏనాడూ టోపీ వెయ్యనివాడికి అదేం పేరే అని మొదట్లో గొణిగాను, తర్వాత నాకూ అదే అలవాటైపోయింది. గెలిచేవాళ్లని లోకమంతా చూస్తుంది, నేను గెలవనివాడి వెంట పడ్డాను, నా రాత అలాంటిది. వారానికో ఊరు, నాలుగు రోజుల ఆట, మొదటి రెండు రోజులయ్యాక సగం మంది మూటాముల్లే సర్దుకుని ఇంటికి పోతారు, మిగిలిన సగంలో మావాడు ఏ అరవయ్యో స్థానంలోనో ఉంటాడు, కెమెరా పొరపాటున అతని మీదకి పోతే ఆ రోజు నాకు అన్నం సయించినట్టే. పక్కవాడు కొడుతుంటే వెనకాల ఆ టోపీ అంచు కనబడుతుంది, "అదిగో, అదిగో!" అని నేను గావుకేక పెడతాను, తను సూదిలోకి దారం ఎక్కిస్తూ "కనబడ్డాడులెండి, కూర్చోండి" అంటుంది. ఇవాళ అలా కాదు. ఇవాళ ఈ ఏడాది ఆఖరి పోటీలో ఆఖరి రోజు. ఏడాది పొడుగునా కూడబెట్టుకున్న పాయింట్ల జాబితాలో మొదటి నూరు మందికే వచ్చే ఏడు ఆడే హక్కు ఉంటుంది, దాన్ని కార్డు అంటారు, మావాడు నూటొకటో స్థానంలో కూర్చున్నాడు. నలభై నాలుగేళ్లవాడు. కార్డు పోతే మళ్లీ అర్హత పోటీల దగ్గర్నుంచి మొదలెట్టాలి, తనలో సగం వయసు పిల్లలతో. అందుకనే కెమెరాలు కూడా ఇవాళ గెలిచేవాణ్ణి కాసేపు వదిలేసి మావాడి మీదకి వస్తున్నాయి, అంచున వేలాడేవాణ్ణి చూడటం జనానికి సరదా కదా, నాకు మాత్రం గుండె గొంతులో కొట్టుకుంటోంది, బోర్లా పడుకుంటే అది ఇంకా బాగా వినబడుతుంది.

"ఎక్కడున్నాడు?" అన్నాను. బెజ్జంలోంచి మాట్లాడితే నా గొంతు నాకే బావిలోంచి వచ్చినట్టుంటుంది.

"నడుస్తున్నాడు."

"నడవడం సరే, బంతి ఎక్కడుంది?"

"ఉండండి, ఈ చంక కుట్టు ఒక్కటి అవనీయండి. ఎక్కడికీ పోదులెండి మీ బంతి, ఇంతకీ వాళ్లు నడిచేదే ఎక్కువ, ఆడేది తక్కువ."

టీవీ నోరు నొక్కింది తనే. పోటీ మొదటి రోజు శబ్దం పెట్టుకునే విన్నాను, జనం హోరుమన్నప్పుడల్లా తల దానంతటదే పైకి లేచిపోయేది, నేను లేపింది కాదు, మెడకే తెలీదు. రెండుసార్లు చూసి మూడోసారి రిమోటు తీసుకుని నొక్కేసింది. ఆ తర్వాత కొలతలకొచ్చిన ఆడవాళ్లు చూసుకునే అద్దాన్ని నేల మీద పెట్టి చూశాం, అదీ పని చెయ్యలేదు, అద్దంలో ఆటగాళ్లందరూ ఎడమచేతివాళ్లైపోయారు, బంతి కుడికి పోతే నేను ఎడమకి తల వంచేవాణ్ణి, "అద్దం కూడా బంద్" అంది తను. అప్పట్నుంచి నా కళ్లు తనే. ఇన్నాళ్లూ ఆట మొదలైతే చాలు "పొలమంత నేల, నిమ్మకాయంత బంతి, వెతుక్కోడానికే సరిపోతుంది బతుకు" అని వెటకారమాడిన మనిషి, మిషను వెనక కూర్చుని తల ఎత్తకుండా కుడుతున్నట్టే ఉండేది, చూడటం లేదనుకున్నాను. ఎంత పొరపాటు! నాలుగు రోజులుగా వింటున్నాను, ఎవరు ఏ కర్ర తీశారో చెబుతుంది, గాలి ఎటుందో ఆటగాడి పంట్లాము ఎటు రెపరెపలాడుతోందో చూసి చెబుతుంది. దూరాలు మాత్రం తన దూరాలే. "గుంటకి బెత్తెడు ఇవతల ఆగింది." "మూరన్నర పక్కకి పోయింది." "గజం బద్ద పెడితే సరిగ్గా సరిపోతుంది, చూస్కోండి." గడ్డి రంగు కూడా దారపుండల్లోంచి ఏరి చెబుతుంది, నున్నగా కోసిన చోట చిలకపచ్చట, పొడుగ్గా వదిలేసిన చోట సీసాపచ్చట. టీవీవాళ్లు ఒక్కనాడూ నాకు ఇంత స్పష్టంగా చూపించలేదు. ఒక్కో గుంటలో ఇన్ని దెబ్బల్లో బంతి వెయ్యాలని లెక్క ఉంటుంది, ఒకటి తగ్గితే బర్డీ, ఒకటి ఎక్కువైతే బోగీ. బర్డీని తను పిట్ట అంటుంది. బోగీని బోగీ అనే అంటుంది గానీ తన మనసులో ఉన్నది రైలు. "మీవాడు పొద్దుట్నించీ రెండు పిట్టల్ని పట్టాడు, మూడు బోగీలు తగిలించాడు, ఇంజనే కనబడటం లేదు" అని చెప్పింది ఇందాక, నేను నవ్వితే బల్ల ఊగింది, "నవ్వకండి, బుడగ కదులుతుంది" అని కసిరింది, నవ్వించేదీ తనే.

ఈ ఆట మా ఇంట్లోకి వచ్చింది గడియారంలోంచి. ఊరి చివర గోల్ఫ్ మైదానంలో గడ్డి కోసే యంత్రం నడిపే ఒకాయన, మట్టి చేతులతో చేతిగడియారం తెచ్చాడు, ఆగిపోయిందని. కింద దుకాణంలో బల్ల ముందు కూర్చుని కుడికంటికి భూతద్దం బిగించుకుని మూత తీసి చూద్దును కదా, పళ్లచక్రం పక్కన తడికి ఉబ్బి మొలకెత్తిన గడ్డిగింజ! ముప్ఫయ్యొక్క ఏళ్లలో ఎన్నో చూశాను, గడియారంలో పంట పండటం అదే మొదలు. "మీ ఉద్యోగం ఇంట్లోకే కాదు, గడియారంలోకీ తెచ్చుకున్నారే" అంటే ఆయన సిగ్గుపడి నవ్వాడు, బాగుచేసి ఇచ్చినందుకు సంబరపడి, రాబోయే పెద్ద పోటీకి ఒక పాసు తెచ్చిచ్చాడు. నాకు ఆ ఆట తలా తోకా తెలీదు. ఆయనే పక్కన నిలబడి చెప్పాడు, తాడుకి ఇవతల మేము, అవతల వాళ్లు, ఆ రోజు గాలిలో కోసిన గడ్డి వాసన ఇప్పటికీ ముక్కులోనే ఉంది. పదహారో గుంట దగ్గర ఒక బంతి దొర్లుకుంటూ వచ్చి, పొడుగు గడ్డిలో, సరిగ్గా నా కాళ్ల ముందు, తాడుకి అవతల రెండు చేతుల దూరంలో ఆగింది. వెనకే టోపీ వచ్చాడు. అప్పటికి అతనే అందరికన్నా ముందున్నాడట, నాకేం తెలుసు. నేను వంగి బంతినే చూస్తున్నాను, చిన్నవి చూడటం నాకు అలవాటు కాదూ, అతను కర్రని బంతి వెనక గడ్డి మీద ఆనించాడు, ఆగిపోయాడు, కర్ర తీసేశాడు, చెయ్యి పైకెత్తాడు. బళ్లో పిల్లాడు ఎత్తినట్టు. నీలం చొక్కా అధికారి పరిగెత్తుకొచ్చాడు, ఇద్దరూ ఏదో మాట్లాడుకున్నారు, జనంలో గుసగుస.

"ఏమైంది?" అన్నాను ఆ గడ్డి కోసే ఆయనతో, మా గడ్డాయనతో.

"బంతి కదిలిందంటున్నాడండీ."

"ఎవరు చూశారు?"

"ఎవరూ చూళ్లేదు. ఆయనే చెప్తున్నాడు. ఈ ఆటలో అంతేనండీ, ఇంత పెద్ద మైదానం, ఒక్కొక్కడి వెనకా ఎవరు తిరుగుతారు? ఎవడికి వాడే అంపైరు."

ఒక్క దెబ్బ జరిమానా. ఆ ఒక్క దెబ్బతోనే ఆ రోజు ఓడిపోయాడు, మళ్లీ ఎప్పుడూ గెలుపు దాకా రాలేదు. చెబితే నమ్మరు గానీ ఆ బంతి కదలడం నేను చూడలేదు. వెంట్రుకలో సగం మందం తీగ వంకర పోయిందో లేదో చెప్పగల కన్ను నాది, రెండు చేతుల దూరంలో ఉన్నాను, రెప్ప వెయ్యలేదు, అయినా నాకు కనబడలేదు. అతనికి కనబడింది. లేకపోతే కర్రలోంచి చేతికి తెలిసిందేమో, నాకూ ఒక్కోసారి మరచీలలోంచి అలాగే తెలుస్తుంది. ఆ సాయంత్రం ఇంటికొచ్చి నా భార్యకి ఇదంతా చెయ్యెత్తి మరీ చూపించాను, "పిచ్చివాడేమో" అంది, చేస్తున్న పని ఆపి కాసేపయ్యాక "మంచి పిచ్చి" అంది.

తర్వాత నెల తిరక్కుండా ఒక పెద్ద టీచరమ్మ తన భర్త గడియారం తెచ్చింది, ఆయన పోయాక అది అలా బీరువాలోనే ఉందట. విప్పుతుంటే ఆవగింజలో పావు వంతు ఉండే మరచీల ఒకటి జారి నేల మీద పడింది. రెండు రోజులు వెతికాను, అయస్కాంతం వేసి వెతికాను, చీపురు పట్టి ఊడ్చి ఆ దుమ్ముని కాగితం మీద పోసి వెతికాను, గాల్లో కలిసిపోయింది. నా దగ్గర అచ్చం అలాంటి మరలు డబ్బీడు ఉన్నాయి, ఒకటి బిగించాను, గడియారం చక్కగా నడిచింది, దాన్ని విప్పి చూసి ఇది ఆ మర కాదు అని చెప్పగలవాడు ఊళ్లో నేనొక్కణ్ణే. ఆవిడ వచ్చింది, గడియారం చెవి దగ్గర పెట్టుకుంది, అప్పుడు నా నోట్లోంచి ఎలా వచ్చిందో వచ్చింది, "అమ్మా, బంతి కదిలింది" అన్నాను. ఆవిడకి అర్థం కాలేదు, తెల్లబోయి చూసింది. చెప్పాను. "ఆ ఒక్క మర తప్ప మిగతాదంతా ఆయనదేనా?" అంది. "అంతా ఆయనదే." "అయితే చాలు నాయనా" అంది, నవ్వుతూనే కళ్లు తుడుచుకుంది. ఆ సంగతి ఇంట్లో చెప్పిన రోజునుంచి అది మా ఇంటి మాటైపోయింది. ఎవరూ చూడనిది, చెప్పకపోతే ఎప్పటికీ బయటపడనిది చెప్పాలంటే, ఇంకేం సంజాయిషీ ఇవ్వక్కర్లేదు, "బంతి కదిలింది" అంటే చాలు. రెండోవాళ్లు "ఒక్క దెబ్బ" అనాలి. అంతే, అక్కడితో అయిపోవాలి, సణుగుడు లేదు, మర్నాడు తవ్వి తియ్యడం లేదు. తను నా ఉత్తరం ఒకటి మూడు నెలలు పోస్టు చెయ్యడం మరిచిపోయి సంచీలోనే తిప్పిన సంగతి, నేను తన మంచి కత్తెరతో రేకు కోసిన సంగతి, ఇలా కొన్ని. పన్నెండేళ్లలో ఇద్దరివీ కలిపి పాతిక దెబ్బలుంటాయేమో. గొడవలు పడని మొగుడూ పెళ్లాలం కాము, పీకలదాకా పడ్డాం, కానీ ఆ పాతిక విషయాల్లో మాత్రం పడలేదు. ఎక్కడో ఊరూ పేరూ సరిగా పలకలేని ఒక మనిషి చెయ్యెత్తితే ఇక్కడ ఒక ఇంట్లో మాట పుట్టింది, అతనికి ఈ సంగతి ఎప్పటికీ తెలీదు, తెలిస్తే ఎంత బావుండును.

"పదిహేడు అయిపోయింది," అంది. "సరికి సరి. ఇసకగుంటలోంచి లాగి బెత్తెడులో పెట్టాడు, సంచీ మోసే ఆయన వీపు తట్టాడు. ఇంకొక్క గుంటే. టీవీ కింద ఏదో నంబరు మారుతోంది, నూరు... నూటొకటి... మళ్లీ నూరు. అవతల ఇంకెవడో కూడా ఆడుతున్నాడు కదా, వాడు పెరిగితే మీవాడు తగ్గుతున్నాడు."

గడియారం చూశాను, నాలుగూ ముప్ఫయ్యెనిమిది. బీట పక్కన గుండుసూది అలాగే ఉంది. ఒక్క క్షణం తల ఎత్తితే ఏమవుతుంది? వారం రోజులు పడున్నాను, ఇంకో ఇరవై నిమిషాల్లో ఎలాగూ లేస్తాను, ఎడమకన్ను బాగానే ఉంది, తను టీవీ వైపు తిరిగి ఉంది, నన్ను చూడదు, పన్నెండేళ్లు వెంట తిరిగినవాడి ఆఖరి గుంట నా కళ్లతో చూసుకోకూడదా? మెడ కండరం అప్పుడే బిగుసుకుంటోంది. "మీ వెనక ఎవరూ కాపలా ఉండరు, మీకు మీరే చూసుకోవాలి" అంది డాక్టరమ్మ ఆస్పత్రిలోంచి పంపించేటప్పుడు, అచ్చం గడ్డాయన మాటే ఆవిడ నోట్లోంచి వచ్చింది. అమ్మో, వద్దు. మెడ వదిలేశాను.

డాక్టరమ్మ. ఆవిడ మాట అనుకున్నానంటే మళ్లీ ఆ వాక్యం దగ్గరికే వస్తాను, ఏడు రోజులుగా నాలిక కింద పెట్టుకుని తిప్పుతున్న వాక్యం. దుకాణంలో పని చేస్తుండగా కుడికంట్లో మసి రాలింది, భూతద్దం తుడిచాను, మళ్లీ తుడిచాను, మర్నాటికి పక్కనించి నల్లటి తెర దిగడం మొదలెట్టింది. ఆపరేషన్ అయ్యాక కట్టుతో పడుకుని ఉన్నాను, డాక్టరమ్మ నా భార్యని వరండాలోకి పిలిచింది, తలుపు అవతల అయిదు నిమిషాలు గొణుగుడు, ఒక్క ముక్క వినబడలేదు. తను లోపలికొచ్చి నా చెయ్యి పట్టుకుని, "పొర చక్కగా అతుక్కుందట. మూడు నెలలు పోయాక దుకాణం తెరవొచ్చన్నారు" అంది. గొంతు ఇస్త్రీ చేసినట్టుంది. అదే నా బాధ. తన గొంతులో ఎప్పుడూ ఒక మడత ఉంటుంది, ఆ రోజు లేదు. నేను మళ్లీ అడగలేదు. తనని అడగలేదు, డాక్టరమ్మనీ అడగలేదు. నడవడానికీ తినడానికీ ఎడమకన్ను చాలు, కానీ భూతద్దం ఎప్పుడూ కుడికంటికే, ఎడమదానికి ఆ పని నేర్పలేదు, ఈ వయసులో అది నేర్చుకోదు. ఆ కన్ను రాకపోతే బల్ల మీద పరిచిన చక్రాలన్నీ నాకు ఒకటే మెరుపు ముద్ద. దుకాణం అంటే నాకు కిటికీ దగ్గర పొద్దుటి వెలుగు, చనిపోయిన గడియారం ఒకటి నా వేళ్ల మధ్య చటుక్కున ఊపిరి పీల్చుకోవడం. అది ఇంక లేదంటే నేనేం మనిషిని? తను అబద్ధం చెప్పిందనను. తీపి పూసిందేమో అని. జబ్బుమనిషికి ఎవరైనా పూస్తారు, నేనైనా పూస్తానేమో.

ఈ ఆలోచనలోంచే ఇంకో ఆలోచన పుట్టింది, సిగ్గుపడాల్సిన ఆలోచనే. ఇప్పుడు ఆఖరి గుంటలో మావాడి బంతి పడకపోతే, పడలేదని తను నాకు చెబుతుందా? నాకది ఎంత కావాలో తనకి తెలుసు. శబ్దం లేదు, అద్దం లేదు, నేను లేచేసరికి వేరే ఏదో చూపిస్తుంటారు, ఈ పూటకి "పడింది" అనేస్తే ఎవరడుగుతారు? ఇక్కడ తీపి పూస్తే అక్కడా పూసినట్టే.

"గడ్డి నున్నగా ఉన్నచోటికి తెచ్చాడు," అంది. మిషను ఆగింది. "నాలుగు మూరలు. ఇంకో జానెడు వేసుకోండి. ఎడమకి వాలుంది, పావడా అంచులాగ. ఇది పడితే నూరట. పడకపోతే నూటొకటి. పెద్ద అక్షరాలతో రాశారు."

"కూర్చున్నాడా?"

"గొంతుక్కూర్చుని చూస్తున్నాడు. ఇటొచ్చాడు. మళ్లీ అటెళ్లాడు. టోపీ వెనక్కి తోసుకున్నాడు... ముందుకి లాక్కున్నాడు. అబ్బ, కొట్టవయ్యా బాబూ, చంపుతున్నాడు. ఆ... నిలబడ్డాడు."

నాకు తన పాదాలే కనబడుతున్నాయి. మడమలు తొక్కుడు పలక మీంచి పైకి లేచాయి, వేళ్ల మీద నిలబడ్డట్టు, బొటనవేళ్లు తెల్లగా బిగుసుకున్నాయి. ముప్ఫై ఏళ్ల కాపురంలో ఈ పాదాల్ని ఇంతసేపు చూసింది ఈ వారమే, ఎడమ మడమ మీద పాత సూది మచ్చ ఉందని మొన్న మంగళవారం దాకా నాకు తెలీదు. ఆ పాదాలు అలాగే గాల్లో ఉన్నాయి. ఇంకా ఉన్నాయి. అప్పుడు మెల్లిగా, మడమలు రెండూ కిందకి దిగాయి. నాకు తెలిసిపోయింది. ఇంక తను ఏమంటుందో అని ఊపిరి బిగబట్టాను. బుడగ అంచు కూడా వణకడం మానేసింది.

"పడలేదండీ," అంది. "అంచు మీదకి వచ్చింది, ఒక చుట్టు చుట్టింది, బయటికొచ్చి బెత్తెడులో ఆగింది. పడలేదు."

నేను నవ్వాను. ఆపుకోలేకపోయాను, పాపం ఆ మనిషి పన్నెండేళ్ల కార్డు పోయింది, నేను బెజ్జంలో ముఖం పెట్టుకుని పగలబడి నవ్వుతున్నాను, బల్ల కిర్రుమంటోంది.

"కదలకండి! ఏమిటండీ అది, నవ్వేదేముంది ఇందులో? పాపం ఆయన టోపీ తీసి అందరికీ చేతులు కలుపుతున్నాడు. అయ్యో, నెత్తి మీద జుట్టే లేదండీ, ఇన్నేళ్లలో ఇప్పుడే చూస్తున్నాను, నుదురు సగం తెల్లగా, సగం నల్లగా. ఆయన కూడా నవ్వుతున్నాడు, విచిత్రం. మళ్లీ మొదట్నించీ ఆడాలన్నమాట. ఆడతాడంటారా?"

"ఆడతాడు," అన్నాను. "నువ్వు నిజం చెప్పావు."

"అబద్ధం ఎందుకు చెప్తాను?"

"అందుకే నవ్వొచ్చింది. అయితే దుకాణం మాట కూడా నిజమే. నేనే అనవసరంగా వారం రోజులు..."

మిషను మళ్లీ మొదలవ్వాలి. మొదలవ్వలేదు. ఒక పాదం రెండోదాని మీదకి ఎక్కింది, కాసేపు అలాగే ఉంది. తర్వాత కుర్చీ వెనక్కి జరిగిన చప్పుడు, పాదాలు నా బెజ్జంలోంచి మాయమైపోయాయి, వంటింట్లోకి వెళ్లిందనుకున్నాను. లేదు. ఒక చెయ్యి వచ్చి ముందు గుండుసూదిని తీసింది, దారం ముక్కని తీసింది, ఆ గచ్చు పలకల్ని అరచేత్తో తుడిచింది. అప్పుడు యాభై మూడేళ్ల నా భార్య, ఈ వీధి మొత్తానికి దర్జీ, మెళ్లో టేపు వేసుకుని, మూలుగుతూ నేల మీద వెల్లకిలా పడుకుని, బల్ల కిందకి జరిగి జరిగి, సరిగ్గా నా ముఖం కిందకి తన ముఖం తెచ్చుకుంది. మూరెడు దూరం. ఎడమకంట్లో తను, కుడికంట్లో బుడగ. బుడగ అంచుకి అవతల, ఎక్కడో పక్కగా, టేపు మీద పసుపుపచ్చ మాత్రం సన్నగా తెలుస్తోంది, అది కుడికన్నే చూస్తోందా అనుకునేలోగా తను మాట్లాడింది. పడుకునే చెయ్యి పైకెత్తింది.

"బంతి కదిలిందండీ."

ఎత్తిన చెయ్యి దించకుండానే చెప్పింది.

"తెరవొచ్చు అనలేదు ఆవిడ. తెరవొచ్చేమో అంది. 'మూడు నెలలయ్యాక దుకాణం తెరవొచ్చేమో, అప్పుడు చూసి చెప్తాను' అంది. ఆ ఏమో నేను కత్తిరించేశాను. తలుపు దాటి లోపలికొచ్చే రెండడుగుల్లో కత్తిరించేశాను, మీ కట్టు చూసి. మిగతాదంతా ఆవిడన్నదే, ఒట్టు. ఆ ఒక్క ముక్కే. ఎవరూ వినలేదు, మీకెప్పటికీ తెలిసేది కాదు. ఏడు రోజుల్నించీ గొంతులో ముల్లులా ఉంది."

ఏమో. ఇంతేనా! నల్లటి తెర ఏదో ఉందనుకుని వారం రోజులు భయపడ్డాను, అవతల ఉన్నది ఒక్క ఏమో. ఏమోతోనే కదా టోపీ పన్నెండేళ్లు ప్రతి గురువారం పొద్దున్న మైదానంలోకి దిగాడు, వచ్చే ఏడూ ఏమోతోనే దిగుతాడు. నాకూ చాలు. గడ్డిగింజకి, గడ్డాయనకి, బుడగ పెట్టిన డాక్టరమ్మకి, బెజ్జం కోసిన బావమరిదికి, మోకాళ్ల నొప్పులు పెట్టుకుని నేల మీద పడుకున్న ఈ మనిషికి, ఎంతమందికి రుణపడ్డానో చెప్పడానికి నోట్లో మాటే లేదు, ఉన్నదల్లా ఆ ఇంటి మాట ఒక్కటే.

"ఒక్క దెబ్బ," అన్నాను.

తను కళ్లు మూసుకుని గట్టిగా ఊపిరి వదిలింది, ఆ ఊపిరి నా ముఖానికి తగిలింది. అప్పుడే నా ముక్కు మీంచి ఒక చుక్క జారి తన చెంప మీద పడింది. ఉలిక్కిపడి కళ్లు తెరిచింది.

"ఏమిటది?"

"కంట్లో మందు," అన్నాను.

మందు వేసేదీ తనే. ఒంటిగంటకి వేసింది, మళ్లీ వెయ్యాల్సింది అయిదింటికి. నన్నే చూస్తోంది. గచ్చు మీద అలారం గణగణ మోగడం మొదలెట్టింది, ఏడు రోజుల గడువు తీరింది, లేవొచ్చు, ఇద్దరిలో ఎవరమూ లేవలేదు.

"బంతి కదిలింది," అన్నాను.

తను బొటనవేలితో తన చెంప తుడుచుకుంది, అదే వేలితో నా ముక్కు కొస తుడిచింది.

"ఒక్క దెబ్బ," అంది.